తప్పుల డబ్బా

కత్తెర మాస్టారి చేతిలో కత్తెరను ఏనాడూ ఎవరూ చూడలేదు. ఆయన పనిచేసింది గడ్డం గీసుకునే బ్లేడుతో. బ్లేడుని నిలువునా రెండుగా విరిచి, ఒక సగాన్ని కాగితం మడతలో చుట్టి జేబులో వేసుకుని, రెండో సగంతో ముప్పై నాలుగేళ్లు రేడియో స్టేషన్లో టేపులు కోశారు. అయినా పేర్లు పెట్టేవాళ్లకి అంత ఓపికెక్కడిది? ఎవరో ఒకరు నోరుజారి కత్తెర అన్నారు, అది కాస్తా బంకలా అంటుకుపోయింది.

ఆ పనేమిటో ఇప్పటివాళ్లకి చెబితే నవ్వుతారు. మాట్లాడే మనిషి గొంతు చిటికెన వేలంత వెడల్పు కూడా లేని గోధుమరంగు టేపు మీదకి ఎక్కేది. ఆ టేపుని చేత్తో ముందుకీ వెనక్కీ లాగుతూ, తప్పు ఎక్కడుందో చెవితో పట్టుకుని, అక్కడ తెల్ల పెన్సిలుతో గీత పెట్టి, ఏటవాలుగా కోసి, ఆ ముక్కని తీసేసి, మిగిలిన రెండు కొసల్నీ అతికించాలి. తడబాటు, తుమ్ము, కుర్చీ కిర్రుమనడం, కాగితం గరగరలాడటం, ఏదీ ఊరి చెవిన పడకూడదు. మాస్టారు అతికిన చోటు దేవుడు దిగొచ్చినా కనిపెట్టలేడని స్టేషన్లో అనుకునేవారు. ఆ మాట వింటే ఆయన పైకి విసుక్కునేవారు గానీ, లోపల్లోపల పొంగిపోయేవారు.

ఆ స్టేషన్ పుట్టింది ఓ పాత సబ్బుల గోదాములో. గోడలకి గోనెసంచులు కొట్టి, వాన పడితే రేకుల మోతకి వార్తలు మధ్యలో ఆపి, ఎలాగో నెట్టుకొచ్చారు. తర్వాత సొంత భవనం వచ్చింది, రెండు పొరల అద్దాల కిటికీ వచ్చింది, తలుపు మీద ఎర్రదీపం వచ్చింది. పద్దెనిమిదో ఏట అదే ఆవరణలోకి టీవీ దిగింది. దిగడం దిగడమే పెద్ద స్టూడియోని మింగేసి కూర్చుంది. రేడియోవాళ్లు మూతులు ముడుచుకున్నారు. ముఖాలకి పౌడర్లు కొట్టుకునే బాపతు అని వీళ్లు, గోడచాటు గొంతులు అని వాళ్లు. ఒకే క్యాంటీన్లో ఇరవై ఏళ్లు వేరువేరు బల్లల దగ్గర టీ తాగారంటే చూసుకోండి. ఆ తర్వాత కేబుళ్లు, ప్రైవేటు స్టేషన్లు పుట్టగొడుగుల్లా వచ్చిపడ్డాయి. వీళ్ల గదులకి ఒక్కొక్కటిగా తాళాలు పడ్డాయి. రేడియో ఒక గదికీ టీవీ రెండు గదులకీ వచ్చేసరికి కొట్లాడుకోవడానికి అటూ ఇటూ మనుషులే లేరు.

ఇప్పుడు ఆ మూడు గదులకీ కూడా మూడింది. నెలాఖరు శుక్రవారం సాయంత్రం ఆరింటికి రెండు స్టేషన్లూ ఒకేసారి మూసేస్తున్నారు. చివరి గంటలో రెండింటిలోనూ యాభై ఎనిమిదేళ్ల కథంతా చెప్పే కార్యక్రమం ఒకటి వెయ్యమన్నారు. ఆ పని టీవీలో ప్రొడ్యూసరుగా ఉన్న మాస్టారి కూతురి నెత్తిన పడింది. ఆయనకి ఉన్నది ఆ ఒక్క కూతురే.

సోమవారం మధ్యాహ్నం ఆ పిల్ల, ముప్పై అయిదేళ్లు వచ్చినా ఆయనకి పిల్లే, గుమ్మంలో చెప్పులు విప్పకుండానే అంది.

"నాన్నా, అమ్మ గొంతు కావాలి."

"ముందు లోపలికి రా. మంచినీళ్లు తాగు."

"మాట మార్చకు. ఎక్కడో ఒక చోట ఉండే ఉంటుంది. పదిహేనేళ్లు చదివింది కదా."

"లేదమ్మా. ఎన్నిసార్లు చెప్పను?"

ఎన్నిసార్లో చెప్పారు, నిజమే. ఆమెకి ఆరేళ్లప్పుడు తల్లి పోయింది. ఊహ తెలిసినప్పటి నుంచి అడుగుతూనే ఉంది, ఆయన లేదంటూనే ఉన్నారు.

తల్లి రేడియోలో అనౌన్సరు. పొద్దున్నే ఏడుంబావుకి "పోయినవి, దొరికినవి" అని పావుగంట కార్యక్రమం ఉండేది. ఊళ్లో ఎవరి గొడుగు ఎక్కడ పోయింది, ఎవరి తాళాలు ఏ బస్సులో దొరికాయి, తప్పిపోయిన పిల్లవాడు ఏ రంగు చొక్కా తొడుక్కున్నాడు, అన్నీ ఆవిడ చదివేది. ముందురోజు సాయంత్రమే రికార్డు చేసేవారు. కోసి శుభ్రం చేసేది మొగుడే. ఆవిడ గొంతు వింటే పోయిన వస్తువు సగం దొరికినట్టే ఉంటుందని జనం ఉత్తరాలు రాసేవారు.

మరి ఆ పదిహేనేళ్ల రీళ్లు ఏమైనట్టు? టేపు దొరకని రోజులవి. ప్రసారమైన మూడు వారాలకి రీలుని చెరిపే మిషను మీద పెట్టి తిప్పితే గొంతంతా పోయి టేపు మళ్లీ కొత్తదయ్యేది. ఆ చెరిపే పని కూడా మాస్టారిదే. భార్య ఆస్పత్రి మంచం మీద ఉండగా, మూడు వారాలు నిండాయి కదా అని, ఆవిడ ఆఖరి రీళ్లని కూడా తన చేత్తోనే చెరిపేశారు. మనిషి పక్కనుండగా గొంతు దాచుకోవాలని ఎవరికి మాత్రం తోస్తుంది?

"సరే, పోనీ," అంది కూతురు. "అమ్మ చదివిన కాగితాలు దొరికాయి. వేరే అమ్మాయితో చదివిస్తాను. అమ్మ గొంతు సన్నగా ఉండేదా, కాస్త బరువుగా ఉండేదా? అది చెప్పు, అలాంటి గొంతు వెతుక్కుంటాను."

మాస్టారు చెప్పబోయారు. నోరు తెరిచి, కళ్లు మూసుకుని, చెవుల్లోకి ఆ గొంతుని పిలిచారు. రాలేదు. ఊళ్లో నాలుగు వందల మంది గొంతుల్ని చీకట్లో గుర్తుపట్టగల మనిషికి, కట్టుకున్న దాని గొంతు ఎలా ఉండేదో తట్టలేదు.

"బావుండేది," అన్నారు చివరికి.

"బావుండేది అంటే నేనేం వెతకను నాన్నా?" అంది ఆ పిల్ల, ఆయన మొహం చూసి ఇంకేమీ అడగకుండా లేచింది. "గురువారం సాయంత్రం నాలుగింటికి లారీ వస్తోంది. పాత సామానంతా పాతసామాన్లవాళ్లు పట్టుకుపోతారు. నీ టేపు మిషను కూడా. సంతకాలైపోయాయి. ఊళ్లో పనిచేసే టేపు మిషను అదొక్కటే. చూడాలనుంటే ఈలోగా వచ్చి చూసుకో."

ఆమె వెళ్లాక మాస్టారు చాలాసేపు బీరువా వంక చూస్తూ కూర్చున్నారు. బీరువా మీద, పాత దుప్పటి కింద, గుండ్రటి రేకు డబ్బా ఒకటి ఉంది. ఇరవై తొమ్మిదేళ్లుగా అక్కడే ఉంది.

ఆ డబ్బా సంగతి చెప్పాలంటే స్టేషన్లో ఒక ఆనవాయితీ గురించి చెప్పాలి. అనౌన్సర్లలో ప్రతివాళ్లకీ మాస్టారి గదిలో ఒక తప్పుల డబ్బా ఉండేది. వాళ్ల టేపుల్లోంచి కోసి తీసేసిన తడబాట్లూ తుమ్ములూ పారెయ్యకుండా, ఒకదానికొకటి అతికి ఆ డబ్బాలో చుట్టిపెట్టేవారు. వాళ్లు రిటైరయ్యే రోజున క్యాంటీన్లో మిషను పెట్టి, ఆ తప్పులన్నీ వరసగా వినిపించేవారు. గంభీరంగా వార్తలు చదివే పెద్దమనిషి ముప్పై ఏళ్ల ఎక్కిళ్లు ఒక్క బిగిన వినిపిస్తుంటే జనం పొట్టలు పట్టుకుని నవ్వేవారు. ఆ పెద్దమనిషి నవ్వీ నవ్వీ ఆఖరికి ఏడ్చేవాడు. శాలువాలూ దండలూ ఎవరికీ గుర్తుండేవి కావు, తప్పుల రీలే గుర్తుండేది.

బీరువా మీదున్నది భార్య డబ్బా. ఆవిడ తడబడేదే అరుదు, పదిహేనేళ్ల తడబాట్లన్నీ కలిపినా నిమిషం లోపే. వినిపించే రోజు రాకుండానే ఆవిడ వెళ్లిపోయింది.

అంతే అయితే దాచాల్సిన పనేముంది, ఏనాడో కూతురి చేతిలో పెట్టేవారు. కానీ ఆ రీలు చివర ఎనిమిది నెలల దగ్గులున్నాయి. మొదట్లో రోజుకొకటి. తర్వాత మూడు, నాలుగు. ఆవిడ దగ్గేది, గాజుకిటికీ అవతల్నుంచి చెయ్యి ఊపేది, మళ్లీ చదివేది. ఈయన గీత పెట్టేవారు, కోసేవారు, అతికేవారు. ఊరికి మాత్రం రోజూ నిండుకుండ లాంటి గొంతు. అతుకు కుదిరిందా లేదా అన్నదే ఈయన ధ్యాస. "నీ డబ్బా నిండిపోతోందోయ్, ఇంకోటి తెప్పించాలి," అని వేళాకోళమాడారు కూడా. వేడినీళ్లు తాగమన్నారు, అదీ ఆవిడ కోసం కాదు, టేపు కోసం. చివరికి ఒకరోజు గుడ్డ మీద రక్తం కనిపించి ఆస్పత్రికి పరిగెత్తితే, "ఎన్నాళ్లుగా ఈ దగ్గు?" అని అడిగాడు డాక్టరు. "రెండు మూడు వారాలండీ," అన్నారు మాస్టారు. "నాలుగు నెలల ముందు తెచ్చుంటే ఏదో ఒకటి చేసేవాళ్లం," అన్నాడాయన. ఆరు వందల పదకొండు దగ్గులు. ఆవిడ పోయాక ఒక్కసారి రీలు వేసి లెక్కపెట్టి, డబ్బాకి మూత బిగించేశారు.

మూత బిగించింది డబ్బాకి మాత్రమే కాదు. చిన్నప్పుడు ఆ పిల్ల "అమ్మ దగ్గేది కదా నాన్నా" అంటే, "లేదమ్మా, మీ అమ్మ ఏనాడూ దగ్గలేదు. నీకు ఎవరో గుర్తొస్తున్నారు," అనేవారు. రెండు మూడేళ్లు అడిగింది. తర్వాత మానేసింది.

గురువారం నాలుగు దాటితే ఇక భయం లేదు. మిషను పోతే ఆ రీలులో ఏముందో భూమ్మీద ఎవరూ వినలేరు. నోరు మూసుకుని మూడు రోజులు కూర్చుంటే చాలు. మంగళవారం కూర్చున్నారు. బుధవారం కూర్చున్నారు. కానీ కూర్చున్నంతసేపూ కళ్లు మూసుకుని ఆ గొంతుని వెతుకుతూనే ఉన్నారు, అది దొరకలేదు. ఆవిడ పోయినప్పుడు కూడా ఇంత ఒంటరితనం అనిపించలేదు ఆయనకి. ఈ రీలు వింటే కూతురు జన్మలో తన మొహం చూడకపోవచ్చు. వినకపోతే తల్లి అనే మనిషి ఆ పిల్లకి ఎప్పటికీ ఫోటోయే.

గురువారం మధ్యాహ్నం రెండింటికి, చేతిసంచిలో డబ్బాతో, స్టేషన్ మెట్లెక్కారు.

కూతురు డబ్బా చూసింది, మూత మీద తల్లి పేరు చూసింది. నిలబడ్డదల్లా కుర్చీలో కూలబడింది. కాసేపటికి లేచి, టేపు మిషను నుంచి తన కంప్యూటరుకి తీగ కలిపి, రికార్డు నొక్కి, "వెయ్యి," అంది.

మాస్టారు రీలు ఎక్కించారు. చేతులు దారి మరిచిపోలేదు.

ముందు బుస్సుమనే చప్పుడు. తర్వాత గొంతు.

"నల్లరంగు గొడుగు, చెక్క పిడి, చేపల మార్కెట్ వద్ద... అయ్యో, పూల మార్కెట్. చేపలేమిటి నా మొహం. మళ్లీ చదువుతానండీ."

ఆయన గోడకి ఆనుకున్నారు. ఇదే. సన్నంగా మొదలై మాట చివర కొంచెం బరువెక్కే గొంతు. ఇన్నాళ్లూ ఎక్కడికి పోయావే అనుకున్నారు.

ఆ తర్వాత ఒక నవ్వు. ఒక తుమ్ము. "కిటికీ లోంచి అలా చూస్తుంటే నేనెలా చదివేది? అటు తిరగండి." మళ్లీ తాళాల గుత్తి దగ్గర నాలుక మడతపడి, మూడుసార్లు మొదలుపెట్టి, విసుగు. తర్వాత, "ఆగండాగండి. లోపల్నుంచి తంతోంది. రేడియో అంటే అప్పుడే ఇంత కోపమైతే రేపు టీవీలో చేరుతుందేమో చూడండి."

మాస్టారు కూతురి వంక చూశారు. తన్నింది ఈ పిల్లే. ఆమె చిన్నగా నవ్వింది. మర్యాదగా నవ్వింది, పరాయివాళ్లు మంచి మాటంటే నవ్వినట్టు.

"బావుంది నాన్నా గొంతు," అంది. ఆమె కళ్లల్లో ఏదో వెతుకులాట, అది దొరకని బెంగ. ఆ గొంతు ఆమెకి తెలియదు. ఆరేళ్ల పిల్లకి తెలిసిన తల్లి వేరు, ఊరంతా విన్న ఈ గొంతు వేరు. ఇంతా చేసి తెచ్చింది ఇందుకా అనుకున్నారు మాస్టారు.

అప్పుడు మొదటి దగ్గు వచ్చింది.

ఆమె వేలు కంప్యూటరు మీద ఏదో చేసింది. ఇంకో దగ్గు. మరొకటి. పొడిగా, లోపల్నుంచి తవ్వుకొచ్చినట్టు, చివర చిన్న మూలుగుతో. ఆమె చెయ్యి అలాగే గాల్లో ఆగిపోయింది.

సరిగ్గా అక్కడే అతుకులు ఊడటం మొదలైంది. ఇరవై తొమ్మిదేళ్ల నాటి జిగురు, ఎండి పెళుసెక్కింది. దగ్గుల దగ్గర జానెడుకొక అతుకు. ఒక్కొక్క ముక్కా మిషను దాటి రాగానే విడిపోయి నేల మీద రాలుతోంది. మాస్టారు ఆపబోయారు.

"ఆపొద్దు," అంది కూతురు, చెయ్యి అడ్డం పెట్టి.

ఆపలేదు. దగ్గు వెంట దగ్గు వచ్చి, ముక్క వెంట ముక్క నేల మీద పడింది. నడుమ ఒక్కచోట ఆయాసపడుతూ ఆ గొంతు అంది. "పర్లేదులెండి, మా ఆయన కోసేస్తారు." గది అవతల ఎవరితోనో అంటోంది. నమ్మకంగా, కాస్త గర్వంగా అంటోంది. మళ్లీ దగ్గింది. తర్వాత రీలు ఖాళీ అయి గిరగిరా తిరిగింది.

మాస్టారు మిషను ఆపారు.

"ఇది అమ్మ," అంది కూతురు. "నాకు గుర్తున్నది ఇదే నాన్నా. ఇంట్లో గది తలుపు పక్కన కూర్చుని ఆడుకుంటుంటే లోపల్నుంచి వినిపించేది. అమ్మ గురించి నాకున్నది ఇదొక్కటే. నువ్వు కాదన్నావు. పక్కింటావిడ దగ్గుని పట్టుకుని అమ్మనుకుంటున్నానేమో అని, ఎన్నోసార్లు నా అంతట నేనే తుడిచేసుకున్నాను."

"ఎనిమిది నెలలు," అన్నారు మాస్టారు. "ఎనిమిది నెలలు రోజూ విన్నానమ్మా. రోజూ కోశాను. టేపు మీద తప్పులా విన్నాను గానీ మనిషికి జబ్బులా వినలేదు. డాక్టరుతో కూడా నిజం చెప్పలేదు. ముందే తెచ్చుంటే బతికేదన్నాడు."

ఆమె తిడుతుందని చూశారు. ఏడుస్తుందని చూశారు. పర్లేదు నాన్నా అంటుందేమోనని కూడా, సిగ్గులేకుండా, ఒక్క క్షణం ఆశపడ్డారు. ఆమె ఏదీ చెయ్యలేదు.

"ఇంకోసారి వెయ్యి," అంది. "ఆ దగ్గు."

ఆయన నేల వైపు చూపించారు. వందల ముక్కలు. అన్నీ గోధుమరంగే. ఏది దగ్గో, ఏది ఊపిరో, ఏది అటూ ఏది ఇటో చూసి చెప్పగలిగినవాడు లేడు.

"పోనీలే అమ్మా, నీ కంప్యూటర్లోకి ఎక్కిందిగా?"

ఆమె తెర వైపు తిరిగింది. నలభై ఒక్క సెకన్ల దగ్గర గీత ఆగిపోయి ఉంది. గొడుగు, తాళాలు, నవ్వు. అంతవరకే.

"దగ్గు రాగానే ఆపేశాను," అంది. తన వేలి వంక తనే చూసుకుంది. "పనికిరాదు కదా అని. అలవాటుగా."

మాస్టారికి ఆ వేలు తనదే అనిపించింది. ఇన్నాళ్లూ ఈ పిల్లకి తల్లి పోలిక ఏదీ రాలేదని బాధపడ్డారు. తన పోలిక మాత్రం ఇంత గట్టిగా వచ్చిందని తెలియక.

గడియారం మూడుంబావు చూపిస్తోంది. ఆయన మోకాళ్ల మీద నేలకి వంగారు. జేబులోంచి కాగితం మడత తీశారు, రిటైరై పధ్నాలుగేళ్లయినా అది జేబులో ఉండటం మానలేదు. సొరుగులో అతుకు టేపు చుట్ట ఒకటి దొరికింది. కూతురు కూడా ఎదురుగా కూర్చుని ఒక్కో ముక్కా ఏరి అందించింది. ఒకప్పుడు గంటకి ముప్పై అతుకులు వేసిన చెయ్యి. ఇప్పుడు కొస కొసకి ఆనించడానికే నిమిషాలు పట్టింది. కళ్లు కారుతుంటే గీత కనపడదు. తుడుచుకుంటే వేళ్లు తడి, తడి వేళ్లకి టేపు అంటదు. ఆయన మీద ఆయనకే కోపం వచ్చింది.

లారీవాళ్లు నాలుగింటికి అయిదు నిమిషాల ముందే వచ్చి గుమ్మంలో నిలబడ్డారు. ఇద్దరు పెద్దవాళ్లు నేల మీద కూర్చుని ఏడుస్తూ రిబ్బను ముక్కలు అతుక్కుంటుంటే ఏమనుకున్నారో ఏమో, బయటికెళ్లి బీడీలు వెలిగించారు. అయిదు నిమిషాలు అన్నారు. పది ఇచ్చారు.

పదకొండు ముక్కలు అతికారు. ఈసారి కూతురు రికార్డు నొక్కి, చేతులు రెండూ వెనక్కి పెట్టుకుంది.

పదకొండింటిలో నాలుగు ఒట్టి ఊపిరి. ఆరు దగ్గులు. పదకొండోది తిరగేసి అతికించారు. మూలుగుతో మొదలై, దగ్గు వెనక్కి నడిచి, ఆవిడ గొంతులోకి వెళ్లిపోయింది. దాని చివర నిండుగా ఒక ఊపిరి, అసలు ఎప్పుడూ దగ్గనట్టు.

"తప్పు అతికాను," అన్నారు మాస్టారు, బ్లేడు అందుకుంటూ. "ఒక్క నిమిషం, సరిచేస్తాను."

"వద్దు," అంది కూతురు. "ఇంకేదీ కొయ్యొద్దు."

లారీవాళ్లు మిషనుని ఎత్తుకుపోయారు. మిగిలిన ముక్కల్ని చేత్తో పోగుచేసి ఆమె డబ్బాలో వేసుకుంది, మూత తనే పెట్టింది, సంచి తనే పట్టుకుంది. మెట్లు దిగేటప్పుడు మాస్టారికి చెయ్యి ఇచ్చింది గానీ ఆయన వైపు చూడలేదు.

శుక్రవారం సాయంత్రం చివరి గంటలో ఆ నలభై ఒక్క సెకన్లూ ఊరంతా విన్నది. మూసేలోపు పదిహేడు ఫోన్లు వచ్చాయట. అబ్బ, ఎంత హాయైన గొంతు, ఒక్క మచ్చ లేదు అన్నారట అందరూ. మాస్టారు ఇంట్లో రేడియో ముందు కూర్చుని అది విన్నారు. ఆరింటికి స్టేషన్ ఆగిపోయి బుస్సుమనే చప్పుడు మిగిలింది. ఆయన దాన్ని ఆపలేదు. కూతురు వస్తుందేమోనని గుమ్మం వైపు చూస్తూ, ఆ చప్పుడు వింటూ కూర్చున్నారు.